చార్లీ వాట్స్ వాయించేది అంత తేలికగా కనిపిస్తుంటే, గొప్ప డ్రమ్మర్ అని ఎందుకంటారు?

ప్రశ్న క్లుప్తంగా ఇది. అడిగినవారికి 22 ఏళ్ళు, కాలేజీ బ్యాండ్‌లో రెండేళ్ళుగా డ్రమ్స్ వాయిస్తున్నారు. ఇంగ్లండ్ రాక్ బ్యాండ్ రోలింగ్ స్టోన్స్ వాళ్ళ పాట ‘హాంకీ టాంక్ విమెన్’ వారంలో నేర్చేసుకున్నారు. నేర్పే మాస్టారు మాత్రం ఆ పాట మీకు ఇంకా పట్టుబడలేదంటున్నారట. సోలోలు లేవు, స్పీడ్ లేదు, కిట్ కూడా చిన్నదే. మరి ఆ బ్యాండ్ డ్రమ్మర్ చార్లీ వాట్స్‌లో అంత ఏముంది, ఒకే బ్యాండ్‌లో 58 ఏళ్ళు ఎలా నిలబడ్డాడు అని అడుగుతున్నారు.

మీ మాస్టారు చెప్పిందే నిజమై ఉంటుంది. ఆ పాటలో దెబ్బలు వారంలో వస్తాయి. అవి ఎక్కడ పడాలో చెవికి తెలియడానికి ఏళ్ళు పడుతుంది. చార్లీ వాట్స్ గొప్పతనం చేతుల్లో కంటే చెవుల్లో ఎక్కువ ఉంది. పక్కనున్న గిటారును వింటూ, దాని వెంట నడుస్తూ, పాటకు కావలసినంతే వాయించడం ఆయన పని. అన్నేళ్ళు నిలబడడానికి కూడా సగం కారణం అదే. మిగతా సగం, బ్యాండ్ బయట ఆయనకంటూ ఇంకో లోకం ఉండటం.

నేను రాజమండ్రిలో పెళ్ళిళ్ళ ఆర్కెస్ట్రాలో మొదలుపెట్టి, ఇప్పుడు హైదరాబాద్‌లో స్టూడియోల్లోనూ స్టేజీల మీదా వాయిస్తున్నాను. 27 ఏళ్ళయింది. అందులో ఇరవై ఏళ్ళకు పైగా చార్లీ వాట్స్‌ను వింటున్నాను కాబట్టి కాస్త వివరంగానే రాస్తాను.

ముందు ఆయన కుడి చెయ్యి చూడండి. ఏదైనా లైవ్ వీడియో పెట్టుకుని మొహం, డ్రెస్ వదిలేసి ఆ చెయ్యి ఒక్కటే చూడండి. మామూలు రాక్ బీట్‌లో హై-హ్యాట్ (కాలితో మూసి తెరిచే జంట సింబల్స్, కంచు పళ్ళేలు) మీద ఎనిమిది దెబ్బలు వరుసగా పడతాయి. రెండో మాత్రకీ నాలుగో మాత్రకీ ఎడమ చెయ్యి స్నేర్ (ముందుండే, చురుగ్గా పలికే డ్రమ్) మీద పడుతుంది. మనమందరం స్నేర్ కొట్టే క్షణంలో హై-హ్యాట్ కూడా కొడతాం, రెండు చేతులూ కలిసి దిగుతాయి. చార్లీ అలా చేయడు. స్నేర్ పడే చోట కుడి చెయ్యి హై-హ్యాట్ మీద నుంచి పైకి లేచిపోతుంది. ఎనిమిదికి ఆరే పడతాయి.

దీనివల్ల స్నేర్ ఒంటరిగా వినిపిస్తుంది. దాని మీద సింబల్ శబ్దం కప్పుకోదు కాబట్టి, గట్టిగా కొట్టకపోయినా తలుపు తట్టినంత స్పష్టంగా ఉంటుంది. ఇంకొకటి, చెయ్యి లేచి మళ్ళీ దిగడానికి కాస్త సమయం కావాలి. ఆ లేవడం దిగడంలో బీట్‌కు ఒక ఊగు వస్తుంది. మీరు ఎనిమిదీ కొడుతూ అదే పాట వాయిస్తే లెక్క సరిపోతుంది కానీ ఆ ఊగు రాదు. మీ మాస్టారికి వినిపిస్తున్న తేడా అదే కావచ్చు.

నేను ఇది ప్రాక్టీస్ చేసిన మొదటి రోజుల్లో పది నిమిషాలకే కుడి మణికట్టు తడబడేది. చెయ్యి లేపిన ప్రతిసారీ తర్వాతి దెబ్బ ఆలస్యంగా పడేది, పాట మొత్తం వెనక్కి లాగేసేది. ఒక నెల పాటు ఇంకే బీట్ ముట్టుకోకుండా చేశాక గానీ కుదురుకోలేదు. చెయ్యి లేచినప్పుడు లోపల లెక్క ఆగకూడదు, కష్టమంతా అక్కడే.

ఎడమ చెయ్యి కూడా గమనించండి. పుల్లను అరచేతిని పైకి తిప్పి, వేళ్ళ మధ్య పెట్టి పట్టుకుంటాడు. అది జాజ్ డ్రమ్మర్ల పట్టు. రాక్‌లో చాలామంది దాన్ని వదిలేసి రెండు చేతులతోనూ సుత్తి పట్టినట్టు పట్టుకుంటారు. ఆయన చివరిదాకా మార్చలేదు.

ఇప్పుడు అసలు విషయం. సాధారణంగా బ్యాండ్‌లో డ్రమ్మర్ కాలం నిలబెడతాడు, మిగతావాళ్ళు దాని మీద నిలబడతారు. రోలింగ్ స్టోన్స్‌లో ఇది తిరగబడింది. పాటను నడిపేది కీత్ రిచర్డ్స్ రిథమ్ గిటారు. చార్లీ కీత్‌ను వింటూ వాయిస్తాడు. ఈ సంగతి వాళ్ళ బేస్ గిటారిస్టు బిల్ వైమన్ చాలా ఏళ్ళ కిందటే వివరించాడు: మిగతా బ్యాండ్లు డ్రమ్మర్ వెంట నడుస్తాయి, మా డ్రమ్మర్ గిటారు వెంట నడుస్తాడు, అందుకే మా శబ్దంలో ఆ చిన్న ఊగిసలాట అని. గిటారు కాస్త ముందు, డ్రమ్స్ వెంట్రుకవాసి వెనక, బేస్ ఆ రెంటినీ పట్టుకుని.

మనవాళ్ళకు ఇది అర్థం కావడానికి కష్టపడక్కర్లేదు. కచేరీలో మృదంగం పక్కవాద్యం. పాడేవారు సంగతి సాగదీస్తే మృదంగం ఓపిక పడుతుంది, వాళ్ళు ముక్తాయింపుకు వస్తుంటే ముందే పసిగడుతుంది. తాళం తప్పదు, కానీ పాడేవారి ఊపిరిని వింటూ ఉంటుంది. చార్లీ వాట్స్ రాక్ బ్యాండ్‌లో కూర్చుని చేసింది పక్కవాద్యమే అని నా అభిప్రాయం. ఆయనను మిగతా రాక్ డ్రమ్మర్లతో పోల్చి చూసినంతకాలం నాకూ బోధపడలేదు. ఇలా చూశాకే అర్థమైంది.

మీరు నేర్చుకున్న పాటే తీసుకోండి. 1969లో వచ్చింది. మొదట వినిపించే కౌబెల్ (పుల్లతో కొట్టే ఇనుప గంట) చార్లీది కాదు, నిర్మాత జిమ్మీ మిల్లర్‌ది. ఆ కౌబెల్ మీదికి చార్లీ వచ్చి చేరతాడు, రెండూ గీత గీసినట్టు కలవవు. పైగా పాట మొదలైన స్పీడుకీ ముగిసే స్పీడుకీ తేడా ఉంటుంది. నెమ్మదిగా మొదలై, తెలియకుండానే వేగం పుంజుకుంటుంది. మెట్రోనోమ్ (సమంగా టిక్ టిక్‌మనే లెక్క) పెట్టి చూస్తే తప్పు. వింటుంటే మాత్రం జనం లేచి ఆడతారు. మీరు ఫోన్‌లో మెట్రోనోమ్ పెట్టుకుని ఈ పాట నేర్చుకుని ఉంటే, నేర్చుకున్న బీట్ వేరు, ఆ పాటలో ఉన్న బీట్ వేరు.

నా అనుభవం ఒకటి చెప్తాను. 2009లో భీమవరం దగ్గర ఒక రిసెప్షన్. ట్రాక్స్ (ముందే రికార్డు చేసిన సంగీతం) మీద నడిచే ప్రోగ్రాం, నా చెవిలో క్లిక్, అంటే మెట్రోనోమ్ టిక్ టిక్. మధ్యలో ఒక పెద్దాయన స్టేజీ ఎక్కి పాత మెలొడీ పాడతానన్నారు, ఆ పాటకు ట్రాక్ లేదు. నేను అలవాటు కొద్దీ చెవిలో క్లిక్ పెట్టుకునే మొదలెట్టాను. ఆయన చరణంలో ఒక మాట మీద ఆగి, కొంచెం సాగదీసి పాడారు. నేను ఆగలేదు. కీబోర్డ్ వాయించే అబ్బాయి ఇద్దరి మధ్యా ఇరుక్కుపోయాడు. రెండో చరణానికి ఆయన నా వైపు తిరిగి చూశారు. కోపం లేదు ఆ చూపులో, పాడటం కష్టంగా ఉంది అన్నట్టు చూశారు. పక్కనే డోలక్ మీద ఉన్న మా గురువుగారు మెల్లగా "పాట ఆయనదిరా, ఆయన వెంట వెళ్ళు" అన్నారు. చెవిలోంచి ఇయర్‌ఫోన్ తీసేశాను. మిగతా పాట ఆయన పెదవులు చూస్తూ వాయించాను. ఆ రాత్రి ఇంటికొచ్చి స్టోన్స్ పాటలు మళ్ళీ విన్నాను. అప్పటిదాకా చార్లీ తడబడుతున్నాడు అనుకున్న చోట్లన్నీ కీత్ కదిలిన చోట్లు.

అయితే ఒక జాగ్రత్త. ఇది క్లిక్ వద్దనడానికి సాకు కాదు. ఇవాళ సినిమా పాటైనా, టీవీ షో అయినా క్లిక్ మీదే నడుస్తుంది. అది రాకపోతే రెండోసారి పిలవరు. క్లిక్‌తో నిలబడగలిగినవాడు మనిషి వెంట వెళ్ళడం వేరు, నిలబడలేక ఊగిపోవడం వేరు. మొదటిది నేర్చుకోండి.

ఇక ఆ చెవి ఎక్కడ నుంచి వచ్చిందన్నది. చార్లీ 1941 జూన్ 2న లండన్‌లో పుట్టాడు. నాన్న రైల్వే కంపెనీలో లారీ డ్రైవర్. వెంబ్లీలో పెరిగాడు. పక్కింటి కుర్రాడు డేవ్ గ్రీన్, ఇద్దరికీ జాజ్ రికార్డుల పిచ్చి. ఆ డేవ్ గ్రీన్ పెద్ద జాజ్ బేస్ విద్వాంసుడై, దశాబ్దాల తర్వాత కూడా చార్లీ జాజ్ బృందాల్లో వాయించాడు. టీనేజ్‌లో చార్లీ ఒక బాంజో కొనుక్కున్నాడు. దాని మెడ మీద చుక్కలు నచ్చలేదు, వేళ్ళు కుదరలేదు. అప్పుడే జాజ్ విద్వాంసుడు జెర్రీ మల్లిగన్ రికార్డులో డ్రమ్మర్ చికో హామిల్టన్ బ్రష్‌లతో (పుల్లల బదులు వాడే సన్నటి తీగల కుచ్చులు) వాయించింది విన్నాడు. బాంజో మెడ ఊడదీసి, మిగిలిన గుండ్రటి భాగాన్ని స్టాండ్ మీద పెట్టి బ్రష్‌లతో వాయించడం మొదలుపెట్టాడు. అదే ఆయన మొదటి స్నేర్. తర్వాత 1955లో ఇంట్లోవాళ్ళు కిట్ కొనిచ్చారు.

బ్రష్‌తో మొదలుపెట్టినవాడికి శబ్దం తక్కువలోనే తేడాలు వినడం అలవాటవుతుంది. నేను నా శిష్యులతో మొదటి మూడు నెలలు గట్టిగా కొట్టనివ్వను, కారణం ఇదే.

కెరీర్ సంగతి కూడా అడిగారు కాబట్టి ఇది చెప్పాలి. ఆయన హ్యారో ఆర్ట్ స్కూల్లో చదివి, ప్రకటనల సంస్థలో గ్రాఫిక్ డిజైనర్‌గా పనిచేశాడు. సాయంత్రాలు క్లబ్బుల్లో వాయించేవాడు. 1962లో అలెక్సిస్ కోర్నర్ బ్లూస్ బృందంలో చేరాడు. స్టోన్స్ వాళ్ళు ఆయన కోసం ఎంతో తాపత్రయపడ్డారు, కానీ మొదట్లో ఆయనకు ఇచ్చేంత డబ్బు వాళ్ళ దగ్గర లేదు. 1963 జనవరిలో చేరాడు. అంటే చేతిలో ఉద్యోగం, వెనక జాజ్, బ్లూస్ అనుభవం ఉన్న మనిషి ఆ గుంపులోకి వచ్చాడు. బ్యాండ్ పోతే ఏమవుతానో అన్న టెన్షన్ ఆయన వాయిద్యంలో ఎప్పుడూ వినిపించదు. మీరు చదువో ఉద్యోగమో మానేయాలా అని నేరుగా అడగలేదు గానీ, మనసులో ఉంటే మాత్రం, 22 ఏళ్ళకు మానేయమని నేను చెప్పను.

డబ్బు విషయంలో తెలుసుకోవలసింది ఒకటుంది. స్టోన్స్ పాటల్లో అత్యధికం గాయకుడు మిక్ జాగర్, కీత్ రిచర్డ్స్ పేర్ల మీద ఉన్నాయి. పాట రాసినవాళ్ళకు వచ్చే రాయల్టీ డ్రమ్మర్‌కు రాదు. రికార్డుల అమ్మకం, టూర్ల వాటా ఆయన సంపాదన. ఎంత పేరున్న బ్యాండ్‌లోనైనా ఈ తేడా ఉంటుంది. మీ బ్యాండ్ సొంత పాటలు చేస్తుంటే ఎవరి పేర్లు వేస్తున్నారో మొదటి పాటకే మాట్లాడుకోండి. తర్వాత మాట్లాడితే స్నేహాలు చెడతాయి. నాకు చెడ్డాయి.

బ్రిటిష్ రాక్‌లో డ్రమ్మర్ల చరిత్ర చూస్తే 58 ఏళ్ళు ఎంత అరుదో తెలుస్తుంది. పీట్ బెస్ట్‌ను 1962లో బీటిల్స్ తీసేసి రింగో స్టార్‌ను తెచ్చుకున్నారు. ద హూ డ్రమ్మర్ కీత్ మూన్ 1978లో పోయాడు, లెడ్ జెప్పెలిన్ జాన్ బోనమ్ 1980లో పోయాడు. ఇద్దరికీ 32 ఏళ్ళే. ఇద్దరూ చార్లీ కంటే ఎన్నో రెట్లు హోరుగా వాయించినవాళ్ళు, ఇద్దరన్నా నాకు ప్రాణం. వాళ్ళకంటే చార్లీ గొప్ప అని నేను అనడం లేదు. బోనమ్ కుడికాలు ఇంకెవరికీ రాదు. కానీ వాళ్ళ బాటలో చార్లీ లాగా అన్నేళ్ళు వాయించడం కష్టం.

అహం పక్కన పెట్టడం అంటే ఏమిటో ఒక పాట చెబుతుంది. 1968లో ‘యూ కాంట్ ఆల్వేస్ గెట్ వాట్ యూ వాంట్’ రికార్డు చేస్తున్నప్పుడు మిల్లర్ కోరుకున్న నడక చార్లీకి పట్టుబడలేదు. ఇలా అని చూపించడానికి మిల్లర్ కిట్ మీద కూర్చున్నాడు. చివరికి రికార్డులో ఉండిపోయింది మిల్లర్ వాయించిందే. ప్రపంచంలో పేరున్న బ్యాండ్ డ్రమ్మర్ తన కుర్చీలో నిర్మాత కూర్చుంటే లేచి పక్కకు వెళ్ళాడు. ఆ తర్వాత ఆ పాటను నేర్చుకుని దశాబ్దాల పాటు స్టేజీ మీద తనే వాయించాడు. మిల్లర్ దగ్గర చాలా నేర్చుకున్నానని కూడా చెప్పుకున్నాడు. నన్ను ఒకసారి ఒక రికార్డింగ్‌లో లేపి, ప్రోగ్రాం చేసిన బీట్ పెట్టుకున్నారు. ఆ రాత్రంతా నిద్ర పట్టలేదు, నెల రోజులు ఆ పాట వినలేదు. విన్నాక నాకు అర్థమైంది, ఆ పాటకు ఆ బీటే సరైనది.

అదే ఏడాది వచ్చిన ‘స్ట్రీట్ ఫైటింగ్ మ్యాన్’ కూడా వినండి. అందులో చార్లీ వాయించింది 1930ల నాటి బుల్లి ప్రాక్టీస్ కిట్, సూట్‌కేసులో పట్టేంతది. కీత్ దాన్ని మామూలు క్యాసెట్ రికార్డర్‌లోకి, శబ్దం పగిలిపోయేలా రికార్డు చేశాడు. ఆ రోజుల్లో అంత పెద్ద శబ్దం ఉన్న పాట తక్కువ, అది పుట్టింది ఒక ఆటబొమ్మ లాంటి కిట్ మీద. నాకు కిట్ సరిపోవడం లేదు, ఇంకో రెండు టామ్‌లు కావాలి అని ఎవరైనా అంటే నేను ఈ పాట వినిపిస్తాను. స్టేజీ మీద ఆయన ఏళ్ళ తరబడి వాడింది 1957 నాటి గ్రెచ్ కంపెనీ కిట్: కిక్ (కాలితో వాయించే పెద్ద డ్రమ్), స్నేర్, ఒక టామ్, నేల మీద నిలబెట్టే ఒక ఫ్లోర్ టామ్.

2003 ఏప్రిల్‌లో స్టోన్స్ బెంగళూరు ప్యాలెస్ గ్రౌండ్స్‌లో వాయించారు. రాజమండ్రి నుంచి ఇద్దరం వెళ్ళాం, రైల్లో జనరల్ బోగీలో. మా చోటు చాలా వెనక. జాగర్ స్టేజీ ఈ చివర నుంచి ఆ చివరకు పరిగెడుతున్నాడు, జనం ఆయన వైపే తలలు తిప్పుతున్నారు. నేను తెర మీద కిట్ చూపించినప్పుడల్లా కుడి చెయ్యి చూశాను. అప్పటికి ఆయనకు 61 ఏళ్ళు. వీపు నిటారుగా, మోచేతులు ఒంటికి దగ్గరగా, మొహంలో ఏమీ లేదు. కళ్ళు మాత్రం మాటిమాటికీ కీత్ వైపు వెళ్ళి వస్తున్నాయి. అది వీడియోల్లో నేనెప్పుడూ గమనించలేదు. వచ్చేటప్పుడు నా స్నేహితుడు జాగర్ గురించే మాట్లాడాడు, నేను ఆ కళ్ళ గురించే ఆలోచించాను.

ఇక బ్యాండ్ బయటి జీవితం. 1964లో షర్లీని పెళ్ళి చేసుకున్నాడు, చివరిదాకా ఆమెతోనే ఉన్నాడు. ఇద్దరూ ఇంగ్లండ్‌లోని డెవన్‌లో అరబ్బీ గుర్రాలు పెంచారు. టూర్లలో ప్రతి హోటల్‌లోనూ తను పడుకున్న మంచం బొమ్మ గీసుకునేవాడు, 1967 నుంచీ. స్టేజీల డిజైన్‌లో చెయ్యి ఉండేది. 1975లో అమెరికా టూర్ ప్రకటనకు న్యూయార్క్ ఫిఫ్త్ అవెన్యూలో ట్రక్కు మీద నిలబడి వాయించారు కదా, ఆ ఆలోచన ఆయనదే. పాతకాలం జాజ్ బృందాలు ట్రక్కుల మీద వాయిస్తూ ఊరేగేవి, అది గుర్తుపెట్టుకున్నాడు. 1980లలో పెద్ద జాజ్ ఆర్కెస్ట్రా, తర్వాత చిన్న బృందాలు. స్టోన్స్ విరామంలో ఉన్నప్పుడల్లా అటు వెళ్ళిపోయేవాడు. మళ్ళీ వచ్చి స్టోన్స్ కిట్ మీద కూర్చున్నప్పుడు చెయ్యి తాజాగా ఉండేది.

జాగర్ ఫోన్ చేసి "నా డ్రమ్మర్ ఎక్కడ" అన్నందుకు, ఈయన గడ్డం గీసుకుని సూటు వేసుకుని కిందికి వచ్చి గుద్దిన సంగతి మీరు వినే ఉంటారు. 1984లో ఆమ్‌స్టర్‌డామ్‌లో జరిగిందని కీత్ చెప్పాడు. అందరూ అదే చెప్పుకుంటారు. ఆయన వాయించిన వేల రాత్రులు వదిలేసి ఆ ఒక్క గుద్దు గుర్తుపెట్టుకోవడం నాకు నచ్చదు.

ఆయన్ను దేవుణ్ణి చేయడం కూడా వద్దు. 1980ల మధ్యలో, నలభై దాటాక, మందు, హెరాయిన్ అలవాటయ్యాయి. ఇల్లు కూలిపోయేదాకా వచ్చింది. సెల్లార్‌లోకి వైన్ కోసం వెళ్తూ పడి చీలమండ విరిగింది, ముందు జాజ్ ప్రోగ్రాం ఉంది. అక్కడితో మానేశాడు. రాత్రి ప్రోగ్రాంలు చేసేవాళ్ళకు ఈ ప్రమాదం ఏ వయసులోనైనా ఉంటుంది. మా ఆర్కెస్ట్రాలోనే ఇద్దర్ని పోగొట్టుకున్నాం. 2004లో ఆయనకు గొంతు క్యాన్సర్ వచ్చింది, రేడియేషన్ తీసుకుని మరుసటి ఏడాదికే మళ్ళీ ఆల్బమ్, టూర్. చివరి స్టోన్స్ కచేరీ 2019 ఆగస్టు 30న మయామీ దగ్గర. 2021 ఆగస్టు 24న, 80 ఏళ్ళ వయసులో లండన్‌లో కన్నుమూశాడు. ఆ ఏడాది స్టోన్స్ టూర్‌లో ఆయన స్థానంలో స్టీవ్ జోర్డాన్ కూర్చున్నాడు. ఆయన కూడా మహా డ్రమ్మర్. ఇద్దరి రికార్డింగులూ పక్కపక్కన వింటే చార్లీ ఏం చేసేవాడో ఇంకా బాగా తెలుస్తుంది. జోర్డాన్ చేతిలో బీట్ గట్టిగా, స్థిరంగా ఉంటుంది. చార్లీ చేతిలో గాలికి ఊగుతున్నట్టుంటుంది. 2023లో వచ్చిన వాళ్ళ ఆల్బమ్‌లో చార్లీ బతికుండగా వాయించిన పాటలు రెండున్నాయి, మిగతావి దాదాపు అన్నీ జోర్డాన్‌వి. ఒకే ఆల్బమ్‌లో పోల్చుకోవచ్చు.

మీరు చేయవలసింది చెప్తాను. రెండు వారాలు ‘హాంకీ టాంక్ విమెన్’ వాయించకండి. హెడ్‌ఫోన్స్ పెట్టుకుని, డ్రమ్స్ మీద ధ్యాస పెట్టకుండా గిటారు ఒక్కటే వినండి. కీత్ ఎక్కడ తొందరపడుతున్నాడో, ఎక్కడ ఆగుతున్నాడో నోటితో పట్టుకోండి. తర్వాత మీ బ్యాండ్ గిటారిస్టును ఒక్కణ్ణే పిలిచి, మెట్రోనోమ్ లేకుండా, అతని కుడి చెయ్యి చూస్తూ వాయించండి. బేస్ వద్దు, పాట వద్దు, ఫిల్స్ (బీట్ మధ్యలో వేసే విన్యాసాలు) అసలే వద్దు. స్నేర్ పడే చోట హై-హ్యాట్ మీద నుంచి చెయ్యి లేపండి. మొదట్లో లాగేస్తుంది, ఫర్వాలేదు. ఫోన్‌లో రికార్డు చేసి ఇక్కడ పెడితే, రెండో మాత్ర ఎక్కడ పడుతోందో విని చెప్తాను.